రేషన్ కార్డుకు ఆదాయ పరిమితి: లెక్క ఎలా వేసుకోవాలి, దరఖాస్తు ఎక్కడ ఆగుతుంది

ఆంధ్రప్రదేశ్‌లో పల్లెటూరి కుటుంబానికి నెలకు 10,000 రూపాయలు, పట్టణంలో 12,000. తెలంగాణలో ఏడాదికి పల్లెలో లక్షన్నర, పట్టణంలో 2 లక్షలు. రేషన్ కార్డుకు ఆదాయ పరిమితి ఎంత అంటే జవాబు ఇంతే. అయినా ఆ లోపు సంపాదించే ఇళ్లకు కార్డు రాకపోవడం ఊరూరా చూస్తూనే ఉంటాం. దరఖాస్తు పెట్టగానే కంప్యూటరు మన ఆధార్ నంబరుతో ముడిపడిన రికార్డులన్నీ తిరగేస్తుంది. నాలుగేళ్ల కిందట అమ్మేసిన కారు, ఇంటి ఓనరు మీటరు, అన్నదమ్ములు పంచుకున్నా ఇంకా పెద్దవాడి ఖాతాలోనే ఉన్న పొలం, వీటిలో ఏది మన పేరున తగిలినా ఆదాయం ఎంత తక్కువైనా పని అక్కడే ఆగుతుంది. కాబట్టి ముందు లెక్క, తర్వాత రికార్డులు, ఆ తర్వాతే సచివాలయం గానీ మీసేవ గానీ. ఈ వరస తప్పితే ఒకే పనికి మూడు నాలుగు సార్లు తిరగాలి. కూలికి వెళ్లేవాళ్లకు తిరిగిన ప్రతిసారీ ఒక రోజు కూలి పోయినట్టే.

రెండు రాష్ట్రాల్లో పరిమితులు ఎందుకు వేరుగా ఉన్నాయన్న సందేహం చాలామందికి వస్తుంది. 2013 నాటి జాతీయ ఆహార భద్రతా చట్టం ఆదాయ పరిమితి ఏదీ చెప్పలేదు. పల్లెల్లో 75 శాతం, పట్టణాల్లో 50 శాతం జనాభా వరకు కేంద్రం బియ్యం ఇస్తుంది, ఎవరికి ఇవ్వాలో తేల్చే పని రాష్ట్రాలది అని వదిలేసింది. కేంద్రం కోటాకు మించి ఇచ్చే కార్డుల ఖర్చును రెండు తెలుగు రాష్ట్రాలూ సొంతంగా భరిస్తున్నాయి. కార్డు చేతిలో పట్టుకుంటే ఈ తేడా కనిపించదు, కానీ పని కోసం వేరే రాష్ట్రం వెళ్లినప్పుడు తెలుస్తుంది. ఆ సంగతి కింద చెబుతాం.

ఆదాయం లెక్క

లెక్కలోకి వచ్చేది కార్డులో పేర్లున్న కుటుంబం మొత్తం సంపాదన. భర్త జీతం ఒక్కటే రాసి, భార్య కుట్టుమిషను మీద సంపాదించేది, డిగ్రీ ఆపేసి షాపులో చేరిన కొడుకు తెచ్చేది వదిలేస్తే విచారణలో బయటపడుతుంది. రాసినదానికీ చూసినదానికీ పొంతన లేకపోతే మిగతా వివరాల మీద కూడా అనుమానం పడుతుంది.

కూలి చేసేవాళ్లు ఎక్కువగా చేసే తప్పు ఒకటుంది. నాట్ల నెలలోనో కోతల నెలలోనో ఇద్దరికీ కలిపి 15,000 వస్తుంది. దరఖాస్తులో నెల ఆదాయం దగ్గర అదే రాసేస్తారు. అలా రాయకండి. ఏడాది పొడుగునా వచ్చిన కూలి కలిపి 12తో భాగించాలి. ఉదాహరణకు భార్యాభర్తలిద్దరూ ఏడాదిలో చెరి 150 రోజులు పనికి వెళ్లారు, సగటు కూలి 350 అనుకుందాం. ఒక్కొక్కరికి 52,500, ఇద్దరికీ 1,05,000. నెలకు 8,750. ఒక పాడిగేదె మీద దాణా, గడ్డి ఖర్చులు పోను నెలకు వెయ్యి మిగిలితే 9,750. ఆంధ్రప్రదేశ్ పల్లెలో ఇది 10,000 లోపే.

ఇప్పుడు తెలంగాణ పల్లెలో ఒక ఆటో నడిపే ఇంటిని తీసుకుందాం. డీజిలు, రిపేర్లు పోను రోజుకు 600, నెలకు 20 రోజులు. నెలకు 12,000, ఏడాదికి 1,44,000. లక్షన్నర లోపు కాబట్టి అర్హతే. భార్య బట్టలు కుట్టి నెలకు 2,000 సంపాదిస్తే ఏడాదికి ఇంకో 24,000 కలుస్తుంది, మొత్తం 1,68,000. పల్లె పరిమితి దాటింది. అదే ఇల్లు పురపాలక పరిధిలో ఉంటే 2 లక్షల లోపే. కాబట్టి మీ ఇల్లు ఎక్కడ లెక్కకు వస్తుందో ముందు చూసుకోండి. చుట్టుపక్కల పొలాలున్నా, అందరూ ఊరనే పిలుస్తున్నా, ఇంటి పన్ను మున్సిపాలిటీకో నగర పంచాయతీకో కడుతుంటే అది పట్టణం. శివారు పంచాయతీలు మున్సిపాలిటీల్లో కలిసినచోట ఆధార్‌లో పాత చిరునామానే ఉండిపోతుంది, అక్కడ ఈ చిక్కు ఎక్కువ.

వ్యాపారం, సేద్యం చేసేవాళ్లు అమ్మకం మొత్తాన్ని ఆదాయంగా రాయనక్కర్లేదు. రోజుకు 3,000 గల్లాపెట్టెలో పడే టిఫిన్ బండికి సరుకు, గ్యాసు, పనిమనిషి కూలి పోను 500 మిగిలితే ఆదాయం 500. కాకపోతే ఆ ఖర్చుల చీటీలు ఒకటి రెండు నెలలవైనా దగ్గర పెట్టుకోండి, విచారణకు వచ్చినవాళ్లకు చూపించడానికి పనికొస్తాయి. జీతగాళ్ల సంగతి వేరు. పీఎఫ్, ఈఎస్ఐ కోత పోను చేతికొచ్చేది 11,500 అయినా, జీతం చీటీలో మొత్తం 13,200 ఉంటే 13,200నే మీ జీతంగా చూసుకోండి.

అప్పు ఆదాయం కాదు. పొదుపు సంఘం లోను, పాడుకున్న చీటీ డబ్బు, పెళ్లికి బంధువులు సర్దిన సొమ్ము ఖాతాలో పడినంత మాత్రాన సంపాదన పెరిగినట్టు కాదు. ఎవరైనా అడిగితే సంఘం పాసుపుస్తకం, చీటీ పుస్తకం చూపించండి.

పరిమితికి ఐదారు వందలు అటూ ఇటూ ఉన్న ఇళ్లలో ఆదాయం తగ్గించి రాయమని ఊళ్లో ఎవరో ఒకరు సలహా ఇస్తారు. వినకండి. తప్పుడు వివరాలతో తీసుకున్న కార్డు తర్వాతైనా రద్దవుతుంది, అప్పటిదాకా తీసుకున్న బియ్యం విలువ కూడా కట్టమనవచ్చు. నిజమైన లెక్క సరిగ్గా వేసుకుంటేనే చాలా ఇళ్లు పరిమితి లోపలికి వస్తాయి. కూలి ఇళ్లయితే మరీనూ.

భూమి: ఎకరాల కంటే కొలతల్లోనే పొరపాట్లు

ఆంధ్రప్రదేశ్‌లో కుటుంబానికి మాగాణి అయితే 3 ఎకరాలు, మెట్ట అయితే 10 ఎకరాలు, రెండూ ఉంటే కలిపి 10 ఎకరాల వరకు. తెలంగాణలో తరి (మాగాణి) 3.5 ఎకరాలు, కుష్కి (మెట్ట) 7.5 ఎకరాలు.

తెలంగాణ పాసుపుస్తకంలో విస్తీర్ణం ఎకరాలు, గుంటల్లో ఉంటుంది. ఎకరానికి 40 గుంటలు. కాబట్టి పాసుపుస్తకంలో 3.20 అని ఉంటే అది 3 ఎకరాల 20 గుంటలు, అంటే సరిగ్గా మూడున్నర. 3.35 అని ఉంటే 3 ఎకరాల 35 గుంటలు, పరిమితి దాటినట్టే. దశాంశం అనుకుని 3.35 మూడున్నర లోపే కదా అనుకోవడం చాలా మామూలు పొరపాటు. ఆంధ్రలో ఎకరానికి 100 సెంట్లు కాబట్టి అక్కడ 3.35 అంటే 3 ఎకరాల 35 సెంట్లే. పాత కాగితాల్లో హెక్టార్లు ఉంటే 2.47తో గుణించండి. 1.40 హెక్టార్లు దాదాపు 3.46 ఎకరాలు.

అంకెలు సరిగ్గా ఉన్నా ఖాతా తప్పుగా ఉండటం రెండో చిక్కు. ముగ్గురు అన్నదమ్ములు నోటిమాటగా పంచుకుని ఎవరి భాగం వాళ్లు దున్నుకుంటుంటారు, రికార్డులో మాత్రం 9 ఎకరాల మాగాణి మొత్తం పెద్దవాడి పేరునే ఉంటుంది. అతనికి కార్డు రాదు. తమ్ముళ్లకు వస్తుంది, కానీ వాళ్లకు భూమి లేనట్టే లెక్క. ఆంధ్రలో మీభూమి వెబ్‌సైట్‌లో 1బీ (ఎవరి ఖాతాలో ఎంత భూమి ఉందో చూపే పత్రం) తీసి చూడండి, తెలంగాణలో భూభారతిలో. పంపకం జరిగిన భూమికి మ్యుటేషన్ (రికార్డులో పేరు మార్పు), తండ్రి పేరున ఉండి ఆయన చనిపోయిన భూమికి తెలంగాణలో విరాసత్ (వారసుల పేరుకు మార్పు) చేయించుకున్నాకే కార్డుకు వెళ్లండి. అమ్మేసిన భూమి ఇంకా మీ ఖాతాలో కనిపిస్తుంటే రిజిస్ట్రేషన్ దస్తావేజు నకలు తీసుకెళ్లి సరిచేయమని అడగండి. మెట్టను మాగాణిగా నమోదు చేసినచోట కూడా ఇదే దారి. నీటి వసతి లేదని వీఆర్వోకో గిర్దావర్‌కో (రెవెన్యూ ఇన్‌స్పెక్టర్) పొలం చూపించి రాయించుకోవాలి.

కరెంటు మీటరు

ఇది ఆంధ్రప్రదేశ్ నిబంధన. నెలవారీ సగటు వాడకం 300 యూనిట్ల లోపు ఉండాలి. చూసేది కొన్ని నెలల సగటు. అందుకే మే నెలలో కూలరు తిరిగి 340 యూనిట్లు వచ్చినంత మాత్రాన కార్డు పోదు.

అసలు బాధ మీటరు ఎవరి ఆధార్‌కు తగిలించారన్నదే. నాలుగు వాటాల ఇల్లుంటే, ఓనరు ఒక వాటాలో ఉండి మూడు అద్దెకిస్తాడు. నాలుగు మీటర్లూ అతని ఆధార్ మీదే ఉంటాయి. తలా 90 యూనిట్లు వాడినా కలిపితే 360, పెన్షను లేని ముసలి ఓనరుకు కార్డు ఆగిపోతుంది. దీనికి తలకిందులుగా కూడా జరుగుతుంది. అద్దెకున్నవాళ్లు ఎప్పుడో సర్వేలో ఆధార్ ఇచ్చారు, ఇల్లు ఖాళీ చేసి ఐదేళ్లయినా పాత మీటరు వాళ్లకే అంటుకుని ఉంటుంది. కొత్తగా దిగినవాళ్లు ఏసీ పెట్టుకుంటే వీళ్ల కార్డుకు ఎసరు.

సచివాలయంలో మీ ఆధార్‌కు ఏ సర్వీసు నంబర్లు ముడిపడ్డాయో అడిగి రాసుకోండి. ఇంట్లో బిల్లు మీద ఉన్న సర్వీసు నంబరుతో పోల్చండి. మీది కానిది కనబడితే విద్యుత్ సంస్థ సెక్షన్ ఆఫీసులో ఏఈకి (అసిస్టెంట్ ఇంజినీరు) అర్జీ ఇవ్వాలి. ఆధార్ నకలు, ప్రస్తుత ఇంటి బిల్లు, ఉంటే అద్దె ఒప్పందం జత చేసి, ఆ సర్వీసు నుంచి నా ఆధార్ తొలగించండి అని సూటిగా రాయండి. వాళ్లు తొలగించిన వెంటనే అది సచివాలయం తెర మీద మారదు. మారిందని చూసుకున్నాకే దరఖాస్తు పెట్టించండి. లేకపోతే పాత సమాచారంతోనే తిరస్కరిస్తారు.

కారు, ఆదాయపు పన్ను, సర్కారు కొలువు

నాలుగు చక్రాల సొంత వాహనం ఉంటే రెండు రాష్ట్రాల్లోనూ కార్డు కష్టం. ఆంధ్రలో టాక్సీ, ఆటో, ట్రాక్టరుకు మినహాయింపు ఉంది. కానీ టాక్సీ అంటే పసుపు నంబరు ప్లేటుతో రవాణా వాహనంగా రిజిస్టరైనది. తెల్ల ప్లేటు కారును కిరాయికి తిప్పుతున్నామంటే రికార్డు ఒప్పుకోదు.

కారు అమ్మేసి, కొన్నాయనకు తాళాలు ఇచ్చి, సంతకం పెట్టిన కాగితాలు చేతిలో పెట్టి మర్చిపోయినవాళ్లు చాలామంది. ఫారం 29, ఫారం 30 మీద సంతకాలు చేసి రవాణా శాఖలో దాఖలైతేనే పేరు మారుతుంది. ఒకే రాష్ట్రంలో అమ్మితే 14 రోజుల్లో, వేరే రాష్ట్రంవాళ్లకు అమ్మితే 45 రోజుల్లో అమ్మినవాళ్లే తెలియజేయాలని మోటారు వాహనాల చట్టం చెబుతుంది. అప్పు మీద కొన్న బండి అయితే ఫైనాన్సు కంపెనీ పేరు తీయించే ఫారం 35 కూడా పడాలి. అది పడకపోతే పేరు మార్పు కదలదు. పేరు మార్చుకోని ఆ కారు ప్రమాదం చేస్తే కేసు కూడా మీ తలుపు తడుతుంది, కాబట్టి కార్డు ఉన్నా లేకున్నా ఈ పని పూర్తి చేసుకోవడం మంచిది.

ఆదాయపు పన్ను విషయంలో నిబంధన చెప్పేది పన్ను కట్టేవాళ్ల గురించి. బ్యాంకు లోను కోసమనో, కంపెనీ జీతంలో ముందే కోసిన పన్ను (టీడీఎస్) వెనక్కి తీసుకోవడానికనో రిటర్ను వేసి, చివరికి పన్ను సున్నా వచ్చినవాళ్లు పన్ను చెల్లింపుదారులు కాదు. కానీ పాన్ మీద రిటర్ను కనిపించగానే పేరు అనర్హుల జాబితాలోకి వెళ్తుంటుంది. అలాంటప్పుడు ఆదాయపు పన్ను శాఖ పంపే 143(1) సమాచార పత్రం డౌన్‌లోడు చేసి, చెల్లించాల్సిన పన్ను సున్నా అన్న గడిని గుర్తు పెట్టి అర్జీకి జత చేయండి. ఈ ఒక్క కాగితం దగ్గర ఉంచుకుంటే సగం వాదన తప్పుతుంది. లోను కోసం లేని ఆదాయం చూపించి రిటర్ను వేసినవాళ్లకు మాత్రం దారి లేదు. 4 లక్షల ఆదాయమని అక్కడ సంతకం పెట్టి, ఇక్కడ 1 లక్ష అంటే నిలవదు.

కుటుంబంలో ప్రభుత్వ ఉద్యోగి గానీ, ప్రభుత్వ పింఛను తీసుకునే విశ్రాంత ఉద్యోగి గానీ ఉంటే కార్డు రాదు. ఆంధ్రలో పారిశుద్ధ్య కార్మికులకు మినహాయింపు ఉంది. కొడుకు ఉద్యోగం వచ్చి పెళ్లి చేసుకుని విశాఖలోనో హైదరాబాదులోనో వేరు కాపురం ఉంటాడు, సచివాలయం కుటుంబ మ్యాపింగ్‌లో, అంటే ఎవరు ఏ ఇంటివాళ్లో రాసుకున్న నమోదులో మాత్రం ఇంకా అమ్మానాన్నల ఇంట్లోనే ఉంటాడు. ఆ ముసలివాళ్ల కార్డు పోతుంది. మ్యాపింగ్‌లో అతన్ని వేరు చేయిస్తేనే పరిష్కారం. పెళ్లి, వేరు చిరునామా ఆధారాలు అడుగుతారు, కాబట్టి కొడుకు ఆధార్‌లో చిరునామా ముందే మార్పించుకోవాలి. కార్డులో పేరు తీసేసినా మ్యాపింగ్‌లో ఉంటే తీసేయనట్టేనని చాలామందికి తెలియదు.

ఆంధ్ర పట్టణాల్లో ఇంకొకటి చూస్తారు. సొంత ఇంటి కట్టడం 1,000 చదరపు అడుగులు దాటకూడదు. ఇంటి పన్ను రశీదులో ఉన్న కొలతే వాళ్లకు ఆధారం. తెలంగాణలో 2014 నాటి మార్గదర్శకాల నుంచి డాక్టర్లు, కాంట్రాక్టర్లు, రైసు మిల్లు, ఆయిలు మిల్లు, పెట్రోలు బంకుల యజమానులు, పన్ను చెల్లించేవాళ్లు జాబితా బయటే ఉన్నారు.

పెళ్లి, వేరు కాపురం

ఒక ఆధార్ దేశంలో ఒక్క కార్డులోనే ఉండాలి. పేరు రెండుచోట్ల ఉంటే కొత్త దరఖాస్తు పడదు, పడినా నిలవదు. తెలంగాణలో కొత్త కోడలి పేరు ముందు పుట్టింటి కార్డులోంచి మీసేవ ద్వారా తీయించాలి, తీసేశారని చూసుకున్నాక అత్తింటి కార్డులో చేర్చమని అడగాలి. రెండు దరఖాస్తులూ ఒకే రోజు ఇస్తే రెండోది తిరిగి రావడం ఖాయం. ఆంధ్ర అమ్మాయి తెలంగాణ కోడలైనా అంతే, అక్కడి కార్డులోంచి పేరు పోతేనే ఇక్కడ చేరుతుంది. పెళ్లిలో తీరుబడి ఉండదు నిజమే, కానీ ఈ పని వాయిదా వేస్తే పుట్టిన బిడ్డ పేరు కూడా ఎక్కదు. ఆంధ్రలో పేరు చేర్చడానికి పెళ్లి సర్టిఫికెట్ తప్పనిసరి కాదని 2025లోనే ప్రభుత్వం చెప్పింది, ఎవరైనా పట్టుబడితే ఆ మాట గుర్తు చేయండి.

చట్టం ప్రకారం 18 ఏళ్లు నిండిన పెద్ద ఆడమనిషి కార్డుకు ఇంటి యజమాని. దరఖాస్తులో మగవాళ్ల పేరు ముందు రాసి తిప్పించుకోకండి.

దరఖాస్తు

ఆంధ్రలో గ్రామ, వార్డు సచివాలయంలోని డిజిటల్ అసిస్టెంటు దగ్గర పెట్టించాలి. మన మిత్ర వాట్సాప్ నంబరు 9552300009 ద్వారా కూడా రేషన్ కార్డు సేవలు తెచ్చారు. ఆ తర్వాత కుటుంబ సభ్యుల ఈకేవైసీ (ఆధార్‌తో వేలిముద్ర సరిపోల్చడం), వీఆర్వో విచారణ, చివరికి తహసీల్దారు ఆమోదం. ఈకేవైసీకి ఒక్కరు రాకపోయినా దరఖాస్తు ఆ మెట్టు దగ్గరే నిలిచిపోతుంది, ఎవరూ ఫోను చేసి చెప్పరు. వలస వెళ్లిన మనిషి ఉంటే అతను పండక్కి వచ్చేరోజు చూసుకుని పెట్టించండి.

తెలంగాణలో మీసేవలో ఆహార భద్రత కార్డు దరఖాస్తు. రశీదు మీద నంబరు ఉంటుంది, పారేయకండి. గిర్దావర్ స్థాయి విచారణ, తహసీల్దారు సిఫారసు దాటి జిల్లా పౌర సరఫరాల అధికారి దగ్గర మంజూరవుతుంది.

ఇంటి నుంచి బయల్దేరే ముందు అందరి ఆధార్ కార్డులూ పక్కపక్కన పెట్టి పేర్లు, ఇంటిపేరు, పుట్టిన తేదీ సరిచూడండి. భర్త ఆధార్ ఒక జిల్లాలో, భార్యది ఇంకో జిల్లాలో ఉంటే ముందు అది మార్పించండి. మొబైలు నంబరు అనుసంధానం లేకపోతే ఓటీపీ రాదు. వేలిముద్రలు అరిగిన వాళ్లు, ముఖ్యంగా బీడీలు చుట్టేవాళ్లు, ఇటుకబట్టీల్లో పనిచేసేవాళ్లు ఆధార్ కేంద్రంలో బయోమెట్రిక్ తాజా చేయించుకుని వెళ్తే మంచిది.

ఏ కార్డు, ఎంత బియ్యం

మామూలు కార్డుకు ఆంధ్రలో మనిషికి 5 కిలోలు, తెలంగాణలో 6 కిలోలు. తెలంగాణలో 2025 ఏప్రిల్ నుంచి ఇస్తున్నది సన్నబియ్యం. మరీ నిరుపేదలకు ఇచ్చే అంత్యోదయ కార్డుకు ఎంతమంది ఉన్నా ఇంటికి 35 కిలోలు.

అంత్యోదయకు రూపాయల్లో పరిమితి ఏదీ లేదు, పరిస్థితిని చూస్తారు. భూమి లేని వ్యవసాయ కూలీలు, కుమ్మరి, చేనేత వంటి చేతివృత్తులవాళ్లు, ఆదరువు లేని వితంతువులు, దివ్యాంగులు, 60 దాటినా జీవనాధారం లేనివాళ్లు, ఆదిమ గిరిజన తెగల కుటుంబాలు ఇందులోకి వస్తాయి. అందరూ అంత్యోదయే మేలనుకుంటారు గానీ తలల లెక్క వేయండి. ఇద్దరే ఉన్న ఇంటికి మామూలు కార్డు మీద ఆంధ్రలో 10 కిలోలు, అంత్యోదయ మీద 35. తేడా చాలా పెద్దది. ఆంధ్రలో 7 మంది ఉంటే రెండూ సమానం. తెలంగాణలో 6 మంది ఉన్న ఇంటికి మామూలు కార్డు మీదే 36 కిలోలు వస్తాయి, అంత్యోదయ కంటే ఒక కిలో ఎక్కువ. ఒంటరి వితంతువుకు, వృద్ధ దంపతులకు మాత్రం అంత్యోదయ కోసం గట్టిగా అడగండి. వాళ్లు అడగరు, ఊళ్లో తెలిసినవాళ్లే అడగాలి.

కార్డు రాకపోయినా దొరికే తిండి ఉంది. అంగన్‌వాడీలో గర్భిణులకు, బాలింతలకు, 6 నెలల నుంచి 6 ఏళ్ల పిల్లలకు ఇచ్చే ఆహారానికి, సర్కారు బడిలో మధ్యాహ్న భోజనానికి ఆదాయ పరిమితి లేదు, కార్డు అడగకూడదు. కార్డు తిరస్కరించారని అంగన్‌వాడీకి కూడా వెళ్లడం మానేసే గర్భిణులుంటారు. అది వాళ్లకు చట్టం ఇచ్చిన హక్కు.

తిరస్కరిస్తే

నోటిమాటతో వెనక్కి రాకండి. ఏ కారణంతో ఆగిందో రాతలో గానీ తెర మీద గానీ చూపించమనండి. భూమా, మీటరా, వాహనమా, పన్నా? కారణం తెలిస్తే పైన చెప్పిన కాగితాల్లో ఏది కావాలో తేలిపోతుంది. సరిచేసుకున్న ఆధారంతో తహసీల్దారుకు అర్జీ, అక్కడ కదలకపోతే సోమవారం కలెక్టరేటుకు. ఆ రోజు అక్కడ జరిగే అర్జీల కార్యక్రమాన్ని ఆంధ్రలో పీజీఆర్ఎస్, తెలంగాణలో ప్రజావాణి అంటారు. అర్జీ ఇచ్చినప్పుడు నంబరున్న రశీదు తీసుకోండి. టోల్‌ఫ్రీ 1967కు కూడా ఫిర్యాదు చేయవచ్చు. ఆహార భద్రతా చట్టం ప్రకారం ప్రతి జిల్లాకు ఫిర్యాదుల పరిష్కార అధికారి ఉండాలి, ఆ పైన రాష్ట్ర ఆహార కమిషన్ ఉంది. అర్జీలో ఈ చట్టం పేరు రాస్తే దాన్ని పక్కన పెట్టడం కష్టం.

నెలలు గడిచినా జవాబు లేకపోతే సమాచార హక్కు దరఖాస్తు వేయండి. గ్రామ స్థాయి కార్యాలయానికి రుసుం లేదు, మండల కార్యాలయానికి 5 రూపాయలు, జిల్లా, ఆ పైన 10 రూపాయలు. నాకు కార్డు ఎందుకు ఇవ్వలేదు అని అడిగితే పొడిపొడి జవాబు వస్తుంది. ఫలానా నంబరు దరఖాస్తు మీద విచారణాధికారి రాసిన నివేదిక నకలు, అది ఏ తేదీన ఎవరి దగ్గరికి వెళ్లిందో ఆ వివరాలు ఇవ్వండి అని అడగండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. నివేదికలో మీ ఇంటికే రాకుండా రాసిన వివరాలు కనిపిస్తే మళ్లీ విచారణ కోరడానికి అదే ఆధారం.

కార్డు నిలబెట్టుకోవడం

వరసగా 6 నెలలు బియ్యం తీసుకోని కార్డులను తాత్కాలికంగా ఆపేసి, ఇంటికొచ్చి విచారించి తేల్చాలని కేంద్రం 2025 జులైలో ఉత్తర్వు సవరించింది. ఈకేవైసీ ఐదేళ్లకోసారి చేయించుకోవాలి. బియ్యం అక్కర్లేదు, ఆరోగ్య పథకాల కోసం కార్డుంటే చాలు అనుకుని దుకాణం వైపు వెళ్లనివాళ్లకు ఇది ముప్పు.

పని కోసం వెళ్లినవాళ్లు ఎక్కడున్నా తీసుకోవచ్చు. ఆంధ్ర, తెలంగాణల మధ్య ఈ సౌకర్యం 2019 ఆగస్టులోనే మొదలైంది, తర్వాత దేశమంతా వచ్చింది. ఇందాక చెప్పిన కోటా తేడా ఇక్కడ బయటపడుతుంది. కేంద్రం కోటాలో ఉన్న కార్డుకే వేరే రాష్ట్రంలో బియ్యం వస్తాయి, రాష్ట్రం సొంతంగా ఇచ్చిన కార్డు సొంత రాష్ట్రం దాటితే పనిచేయదు. బెంగళూరో పుణేయో వెళ్లేముందు డీలరునో సచివాలయంలోనో మన కార్డు జాతీయ ఆహార భద్రత కిందిదా కాదా అని అడిగి వెళ్లండి. కుటుంబంలో కొందరు ఊళ్లో, కొందరు పట్నంలో ఉంటే రెండుచోట్లా భాగాలుగా తీసుకోవచ్చు. పట్నంలో మొత్తం తీసేస్తే ఊళ్లో ముసలివాళ్లకు ఆ నెల ఏమీ మిగలదు, ఫోనులో ముందే మాట్లాడుకోండి.

ఆంధ్రలో 2025 జూన్ నుంచి సరుకులు మళ్లీ దుకాణాల్లోనే ఇస్తున్నారు. నెలలో 1 నుంచి 15 వరకు, పొద్దున 8 నుంచి 12, సాయంత్రం 4 నుంచి 8. 65 దాటినవాళ్లకు, దివ్యాంగులకు ఇంటికే తెచ్చివ్వాలి.

ఐదేళ్ల లోపు పిల్లలకు వేలిముద్ర అక్కర్లేదు. ఐదు నిండాక ఏడాదిలోపు ఆధార్‌లో వేలిముద్రలు వేయించి, రేషన్ డీలరు దగ్గర ఈపోస్ (వేలిముద్ర యంత్రం) మీద ఒకసారి ఈకేవైసీ చేయించండి.